నస్పూర్‌లో లేచిన బెల్జియం చెయ్యి

మనిషి చెయ్యెత్తితే ఎంత నష్టం జరుగుతుంది? మహా అయితే ఆటో ఆగుతుంది. లేదంటే క్లాసులో సారు లేపి ప్రశ్న అడుగుతాడు. నేను ఎత్తితే మాత్రం ఒక ఫుట్‌బాల్ ఫైనల్ పోయింది, మా బాపు చేతికి రావలసిన షీల్డు పెద్దపల్లి బస్సెక్కింది, మా కాలనీ కాలనీ అంతా దొరికిన చాటున చెవులు మూసుకుని కూర్చుంది. అప్పటినుంచి నన్ను తిరుపతి అని పిలిచేవాళ్లు తగ్గిపోయారు. "ఏమో బెల్జియం, ఎటు పోతున్నవ్?" అంటారు. అది గౌరవమనుకుని మొదటి వారం రోజులు నేను తలెత్తుకుని తిరిగాను కూడా. ఆ ఘనకార్యం ఎలా జరిగిందో చెబుతాను, మీరు నిదానంగా నవ్వుకోండి. మావాళ్లు ఇంకా ఆపలేదు కాబట్టి మీకు తోడు కూడా ఉంటుంది.

అప్పటికి నాకు ఇరవై రెండేళ్లు. డిగ్రీ అయిపోయింది, ఉద్యోగం మొదలవలేదు. మధ్యలో దొరికిన ఖాళీ కాలాన్ని దేశానికి పనికొచ్చేలా వాడాను, అంటే మంచంలో వెల్లకిలా పడుకుని ఫోన్‌లో ఒక బెల్జియం డిఫెండర్ ఆట చూశాను. డిఫెండరంటే గోల్ కొట్టేవాడు కాదు, ఎదుటివాణ్ణి కొట్టనివ్వనివాడు. ఆయన పేరు చెప్పను. తన ప్రమేయం లేకుండానే మా ఊళ్లో చాలా అప్రతిష్ఠ మూటగట్టుకున్నాడు పాపం, ఇక చాలు.

ఆయన తాత బొగ్గు గనిలో పనిచేశాడు. అది తెలిసిన రోజే ఆయన మావాడైపోయాడు. చిన్నప్పుడు ఊరి క్లబ్బులో చేరితే పొట్టిగా ఉన్నావని బెంచీ మీద కూర్చోబెట్టారు. పొడుగయ్యాక ఒక పెద్ద క్లబ్బు తీసుకుంది, అది కూడా బెంచీ మీదే కూర్చోబెట్టింది, కాకపోతే ఆ బెంచీకి మెత్త ఉంది. తర్వాత ఇంకో క్లబ్బుకు అరువిచ్చారు. ఆయన వెళ్లిన ఏడాదే ఆ క్లబ్బు కింది లీగుకు జారింది. మోకాలికి ఆపరేషనైంది. దేశం జట్టుకు ఒకసారి పిలిచి, ఒళ్లు వేడెక్కేదాకా పరుగెత్తించి, ఆడించకుండానే ఇంటికి పంపారు. ఒక్క కప్పూ ఎత్తకుండానే రిటైరై ఇప్పుడు పిల్లలకు ఆట నేర్పుతున్నాడు. బెల్జియంలో ఆయన పక్కింటివాళ్లకైనా ఆయనెవరో తెలుసో లేదో నాకనుమానమే. నాకు మాత్రం ఆయన ఏ క్లబ్బులో ఏ నంబరు బనీను తొడిగాడో కంఠతా వచ్చు. మా ఇంటి రేషన్ కార్డు నంబరు అడిగితే అవ్వను, అంటే మా అమ్మను, పిలవాలి.

ఆయన చరిత్రను నేను కాలనీలో దొరికినవాళ్లకల్లా చెప్పేవాణ్ణి. మా జట్టు కెప్టెన్ మొగిలన్న ఒక్కడే ఓపిగ్గా వినేవాడు, ఆయనకు టీ కొట్టు దగ్గర వేరే పనుండేది కాదు కాబట్టి.

"బెల్జియం యాడుంటదిరా? దుబాయ్ పక్కపొంటేనా?"

"కాదన్నా, యూరప్‌ల."

"మా తమ్ముడు పదేండ్ల సంది దుబాయ్‌ల ఉన్నడు. గాయిన్ని చూసిన్నని ఎన్నడు చెప్పలే."

"గాయిన దుబాయ్‌కి ఎందుకొస్తడన్నా?"

"ఏ, పనికి రాడా?"

ఆ మహానుభావుడి దగ్గర నేను రెండు విషయాలు నేర్చుకున్నాను. ఒకటి, ఆఫ్‌సైడ్ వల. ఎదుటి జట్టువాడు బంతి అందిస్తున్న క్షణాన, దాన్ని అందుకోవలసినవాడు మన డిఫెండర్లందర్నీ దాటి గోల్ దగ్గర నిలబడి ఉంటే అది తప్పు, గోల్ కొట్టినా చెల్లదు. మా బెల్జియమాయన సరిగ్గా ఆ క్షణానికి ముందు చెయ్యి పైకెత్తి కేక వేసేవాడు. డిఫెండర్లంతా ఒక్కసారిగా ముందుకు ఉరికేవాళ్లు. ఎదుటివాడు వెనకాల ఒంటరిగా మిగిలిపోయి తప్పులో పడేవాడు. రెండోది, నిజాయితీ. ఒక మ్యాచిలో బంతి గోల్ గీత దాటాక ఆయనే బయటికి తన్నాడట. రిఫరీ చూడలేదు. ఆయనే వెళ్లి "దాటింది" అని చెప్పి, మ్యాచి ఓడిపోయాడట. ఈ కథ మాత్రం నేను లేచి నిలబడి చెప్పేవాణ్ణి. ఈ రెండో పాఠం నా మెడకే చుట్టుకుంటుందని అప్పుడు తెలియదు.

ఇక మా బాపు సంగతి. పేరు రాజమల్లు. నస్పూర్ పక్కన ఒక బాయిలో, అంటే బొగ్గు గనిలో, షాట్ ఫైరర్. బొగ్గుకు రంధ్రాలు వేసి మందు కూరితే దాన్ని పేల్చే మనిషి. పేల్చే ముందు ఆయన చెయ్యి పైకెత్తి గట్టిగా కేక వేస్తాడు. ఆ చెయ్యి లేస్తే చుట్టుపక్కల ఉన్నవాళ్లంతా చేతిలో పని చేతిలోనే వదిలి, పక్క దారిలోకి మలుపు తిరిగి, గోడకు ఆనుకుని చెవులు మూసుకుని కూర్చోవాలి. ఆయన చెయ్యి దించి "అయిపోయింది" అనేదాకా ఎవరూ లేవకూడదు. మా క్వార్టర్ల వరుసలో దీపావళి కూడా అలాగే జరిగేది. ఒక బాంబు పెట్టి బాపు చెయ్యెత్తితే వరుస మొత్తం గోడల వెనక్కి వెళ్లి కూర్చునేది. పొగ తగ్గి, చెయ్యి దిగాకే తలలు పైకి లేచేవి. నేను పుట్టినప్పటినుంచి ఏటా చూస్తున్నాను ఈ తతంగం. చూశాను గాని, బుర్రలోకి పోనివ్వలేదు. అందులో బెల్జియంకు తప్ప వేరే దేనికీ చోటు లేదు.

బాపు మా కాలనీ జట్టుకు గోల్‌కీపర్ కూడా. పరుగెత్తే పనుండదని మొదట్లో నిలబడ్డాడు, మళ్లీ ఇంకెవరూ నిలబడలేదని ఉండిపోయాడు. ఏటా జరిగే షీల్డు పోటీలో ఇన్నేళ్లలో నాలుగుసార్లు ఫైనల్‌కు వెళ్లి నాలుగుసార్లూ ఓడి వచ్చారు. ఈసారి ఫైనల్ జరిగిన నెలాఖరుకే ఆయన రిటైర్‌మెంట్. ఆ షీల్డును ఒక్కసారి ఇంటికి తేవాలని ఆయన నోటితో అనలేదు. కానీ ఒక పొద్దున ముందుగదిలో క్యాలెండర్ తీసేసి, దాని చోట అవ్వ చేత లావుపాటి మేకు కొట్టించాడు. ఎందుకని అడిగితే "ఉండనీ" అన్నాడు. మా ఇంట్లో అందరికీ అర్థమైంది.

జట్టులో నేను తప్ప అందరూ బాయి పనివాళ్లే. డిఫెన్స్‌లో ఒకాయనకు కాలు బెణకడంతో, వేరే దిక్కు లేక నన్ను తీసుకున్నారు. నేను మాత్రం బెల్జియం నుంచి పిలుపొచ్చినట్టు లేచాను. ఫస్ట్ షిఫ్టు దిగి వచ్చినవాళ్లను టీ కొట్టు దగ్గర కూర్చోబెట్టి, బల్ల మీద గ్లాసులు పేర్చి వ్యూహం చెప్పాను.

"గీ గ్లాసులు మనం. గీ సాసర్ పెద్దపల్లోల్లు. నా చెయ్యి లేసుడు, కేక పడుడు, అందరు ఒక్కపారే ముంగటికి ఉరుకుడు. సమజైందా?"

"అయింది," అన్నారంతా, గ్లాసుల్లో టీ ఎప్పుడు పోస్తారా అని చూస్తూ.

"చెయ్యి లేస్తె ఏం చెయ్యాలె?"

"ముంగటికి ఉరకాలె," అన్నారు ఒకటో తరగతి పిల్లల్లా.

బాపు ఒక్కడే గడ్డం గోక్కున్నాడు. "చెయ్యి వద్దు కొడుకా. ఇంకేదన్న సైగ పెట్టుకో."

"ఎందుకు బాపూ?"

"ఏమో. చెయ్యంటె నాకు మంచిగనిపిస్తలే."

"ఈల వేస్తె ఐపాయె," అన్నాడు మొగిలన్న.

"బెల్జియంల చెయ్యే ఎత్తుతరు!" అన్నాను నేను. మాట ముగిసింది. బెల్జియం పేరు చెప్పాక కూడా వాదించడానికి వాళ్లేమైనా చదువుకున్నవాళ్లా? ఆదివారం ప్రాక్టీసుకు రమ్మంటే నేనూ, గ్రౌండులో మేస్తున్న రెండు మేకలూ వచ్చాం. మేకలు బాగానే ముందుకు ఉరికాయి. వ్యూహం సిద్ధమైందని తీర్మానించుకుని ఇంటికి వచ్చేశాను.

ఫైనల్ రోజు పెద్దపల్లి నుంచి రైస్ మిల్లుల జట్టు వచ్చింది. అందరూ బస్తాలు మోసి మోసి గట్టిపడ్డ మనుషులు. వాళ్ల ఫార్వర్డ్ ఒక పొడుగాయన, నిలబడితే నాకు ఎండ తగిలేది కాదు. గ్రౌండు చుట్టూ మా కాలనీ మొత్తం దిగింది. అవ్వ షీల్డుకు పెట్టడానికి పసుపు కుంకుమ పొట్లం కట్టుకుని మరీ వచ్చింది. రిఫరీ కొమురయ్య కాక, అంటే కాలనీకంతా బాబాయి, ఆయన కూడా బాయిలోనే పనిచేసి రిటైరైన మనిషి.

ఆట అయిపోవడానికి ఐదు నిమిషాలున్నాయి, ఇరువైపులా గోల్ లేదు. ఇక్కడ మీరొక రూల్ తెలుసుకోవాలి. ఆట సమంగా ముగిస్తే షీల్డు చెరో ఆరు నెలలు, మొదటి ఆరు నెలలు సొంత గ్రౌండు జట్టుకే. అంటే ఆ ఐదు నిమిషాలు ఊరికే గడిస్తే చాలు, బాపు రిటైరయ్యే రోజుకు షీల్డు మా మేకుకు వేలాడుతుంది. నేను చేయవలసిందల్లా ఏమీ చేయకపోవడం. నా జీవితమంతా చేస్తున్న పనే అది. ఆ ఒక్క రోజే తప్పాను.

మొగిలన్న నా పక్కకొచ్చి బతిమాలాడు. "తిరుపతీ, నీ కాల్మొక్త. బంతొస్తె బయటికి తన్ను. వ్యూహాలు గీహాలు వద్దు."

"ఫికర్ చెయ్యకన్నా," అన్నాను. ఆ మాట నేనన్నప్పుడల్లా ఎవరో ఒకరు పరేషాన్ అవుతారని అప్పటికే మా ఇంట్లో అందరికీ తెలుసు.

మధ్య గీత దగ్గర పెద్దపల్లివాడొకడు బంతి మీద కాలు పెట్టి తల ఎత్తి చూశాడు. పొడుగాయన మా గోల్ వైపు కదిలాడు. ఆహా, ఫోన్‌లో వందసార్లు చూసిన దృశ్యమే! గుండెలనిండా గాలి పీల్చుకున్నాను, కుడిచెయ్యి ఆకాశానికెత్తాను, గొంతు చించుకుని ఒక పొడుగాటి కేక వేసి ముందుకు ఉరికాను.

నేనొక్కణ్ణే ఉరికాను.

వెనక్కి తిరిగి చూస్తే గ్రౌండు ఖాళీ. మొగిలన్న మా గోల్ వైపు మూలనున్న జెండా దగ్గర ముడుచుకుని కూర్చున్నాడు. మిగతా ఇద్దరు డిఫెండర్లూ గీత అవతల ఉన్న ఇటుకల కుప్ప వెనక చేరారు. మా ఫార్వర్డులు ముగ్గురూ అటువైపు కాలువలోకి దిగారు. కొమురయ్య కాక ఈల నోట్లోనే పెట్టుకుని నీళ్ల ట్యాంకర్ వెనక్కి పోయాడు. చూడడానికొచ్చిన పెద్దమనుషులు కుర్చీలు తిప్పి వాటి చాటున కూర్చున్నారు. అవ్వ కొంగు చెవులకు అడ్డం పెట్టుకుంది. ముప్పై ఏళ్ల అలవాటు ముందు నా టీ గ్లాసుల పాఠం ఏపాటిది? చెయ్యి లేచింది, కేక పడింది, అందరి కాళ్లూ మెదడును అడగకుండానే చేయవలసిన పని చేసేశాయి.

బాపు? గోల్‌కీపర్ గారు, షాట్ ఫైరర్ గారు, గోల్‌పోస్టు వెనక మోకాళ్ల మీద కూర్చుని చెవులు మూసుకుని ఉన్నారు.

పొడుగాయన బంతి అందుకున్నాడు. ముందు ఎవరూ లేరు. అటూ ఇటూ చూసి పాపం భయపడ్డాడు. నా దగ్గరకొచ్చి, "ఏమైందన్నా? పామచ్చిందా?" అనడిగాడు.

"ఆఫ్‌సైడ్!" అని అరిచాను, చెయ్యి ఇంకా పైకెత్తి. ఆఫ్‌సైడ్ అడిగేటప్పుడు చెయ్యి దించకూడదు, అది బెల్జియం పద్ధతి. చెయ్యి దిగేదాకా లేవకూడదు, అది బాయి పద్ధతి. రెండు పద్ధతులూ ఒకదానికొకటి ఎంత చక్కగా కుదిరాయో చూడండి.

"మరి గోల్ కొట్టాల్నా, వద్దా?" అన్నాడాయన. మర్యాదస్తుడు, అడిగి మరీ కొడుతున్నాడు.

"రిఫరీ! ఆఫ్‌సైడ్!"

ఆ అరుపుకు గోల్‌పోస్టు వెనక నుంచి బాపు గొంతు వినిపించింది. హమ్మయ్య, లేస్తున్నాడనుకున్నాను. ఆయన మా జట్టుకు హుకుం జారీ చేస్తున్నాడు. "ఇంక పేలలే! ఎవ్వలు లేవకుండ్రి! కూసోండ్రి అందరు!"

అందరూ ఇంకా గట్టిగా కూర్చున్నారు. పొడుగాయన నన్నొకసారి, గోల్‌నొకసారి చూసి, నిద్రపోతున్నవాళ్లను లేపకూడదన్నట్టు బంతిని మెల్లగా తోశాడు. అది దొర్లుకుంటూ బాపు పక్కనుంచే లోపలికి వెళ్లి వలకు తగిలి ఆగింది. అప్పుడు నా చెయ్యి దానంతటదే కిందికి దిగింది. అంతే, అన్ని మూలల నుంచీ తలలు లేచాయి.

"అయిపోయిందా?" అన్నాడు మొగిలన్న.

అయిపోయింది. మొత్తం అయిపోయింది.

తర్వాత జరిగిన గొడవ వేరే. పెద్దపల్లివాళ్లు గోల్ అంటారు, మావాళ్లు "ఎవరు చూసిండ్రు?" అంటారు. కొమురయ్య కాక ట్యాంకర్ వెనక నుంచి వచ్చిన రిఫరీ, ఏం చెబుతాడు? అప్పుడు పొడుగాయన నావైపు చూపించాడు. "గాయన్నను అడుగుండ్రి. నిలబడి చూసిండు."

ఊరంతా నావైపు తిరిగింది. కొమురయ్య కాక నా భుజం మీద చెయ్యేశాడు. "తిరుపతీ, మన దిక్కు నిలబడ్డోనివి నువ్వొక్కనివే. చెప్పు బిడ్డా, గోల్ అయిందా, కాలేదా?"

"చూడలేదను," అన్నాడు మొగిలన్న పెదవులు కదలకుండా.

నిజం చెబుతున్నాను, నాకు అబద్ధమాడాలనే ఉంది. నా కళ్లముందు బెల్జియం లేదు, మా ముందుగదిలో మేకు ఉంది. ఒక్క మాటతో ఆ మేకుకు షీల్డు వేలాడుతుంది. బాపు వైపు చూశాను. ఆయన మోకాళ్ల మట్టి దులుపుకుంటున్నాడు.

"నా దిక్కు ఏం జూస్తున్నవ్‌రా?" అన్నాడు బాపు. "నిలబడ్డోడే చెప్పాలె. చూసిందే చెప్పు."

"గోల్ అయింది కాకా," అన్నాను.

"కనీసం ఆఫ్‌సైడన్న కాదా?" కాకకు కూడా షీల్డు మీద ఆశ చావలేదు.

"కాదు. మొగిలన్న మూల జెండా కాడ కూసున్నడు. ఆయన వెనుక ఉండంగ ఆఫ్‌సైడ్ కాదు."

"అంటె తప్పు నాదా ఇప్పుడు?" మొగిలన్న ఎగిరిపడ్డాడు. మూడు వారాలు నాతో మాట్లాడలేదు.

షీల్డు పెద్దపల్లి బస్సెక్కింది. పొడుగాయన కిటికీలోంచి నాకు చెయ్యూపబోయి, ఏమనుకున్నాడో, మళ్లీ కిందికి దించుకున్నాడు. అవ్వ పసుపు కుంకుమ పొట్లం విప్పకుండానే ఇంటికి తెచ్చింది. దారి పొడవునా బాపు వెనక్కి చూడకుండా ముందు నడిచాడు. ఆయన నాలుగు మాటలు తిట్టినా బాగుండేది. నాకు ఏడుపొచ్చింది.

"నా వల్లనే పోయింది బాపూ," అన్నాను క్వార్టర్ మలుపు దగ్గర.

ఆయన ఆగాడు. "ఇయ్యాల గ్రౌండుల ఎందరు నిలబడ్డరురా?"

"నేను. గా పెద్దపల్లోల్లు."

"వాల్లు బాయి మొఖం చూడనోల్లు, ఇడిసిపెట్టు. ఇన్నేండ్ల నా సర్వీసుల నేను చెయ్యెత్తితె నిలబడ్డోడు ఒక్కడు లేడు. గందుకే ఒక్కనికి సుత దెబ్బ తాకలే. నువ్వు నా కొడుకువి, దీపావళి దీపావళికి చూసినోనివి, నువ్వు నిలబడ్డవ్. బాయిల అయితె అందరు బతుకుతురు, నువ్వొక్కనివే పోదువు." కాసేపు నన్ను తేరిపార చూశాడు. "గందుకే కొడుకా, నిన్ను డిగ్రీ చదివిచ్చింది."

నా చదువు వెనక ఇంత దూరదృష్టి ఉందని ఆ రోజే తెలిసింది.

మేకు అలాగే ఉండిపోయింది. రెండో రోజు అవ్వ దానికి ఉల్లిగడ్డల సంచి తగిలించింది. ముందుగదిలో కూర్చున్న ప్రతివాడూ ఆ సంచిని చూసి నన్ను చూసేవాడు.

నెలాఖరుకు బాపు రిటైరైన సాయంత్రం జట్టంతా మా ఇంటికి వచ్చింది. మొగిలన్న చంకలో పాత చీరలో చుట్టిన వస్తువొకటి ఉంది. విప్పితే ప్లైవుడ్ కోసి, ఎర్ర రంగు వేసి, అంచులకు బంగారు కాగితం అంటించిన షీల్డు. తనే స్వయంగా కోశాడు కాబట్టి ఒకవైపు కొంచెం వంకర. దాని మీద తెల్లటి అక్షరాలతో రాసి ఉంది: "రాజమల్లన్న చెయ్యి లేస్తే అందరూ క్షేమం."

బాపు దాన్ని రెండు చేతులతో పట్టుకుని వంకరగా ఉన్న అంచును బొటనవేలితో తడిమాడు. ఏడుస్తున్నాడని నాకు అర్థమైంది, నాకూ కళ్లు నిండాయి. అవ్వ పరుగున వెళ్లి ఉల్లిగడ్డల సంచి తీసేసి, ఆ రోజు మిగిలిన పసుపు కుంకుమ పొట్లం తెచ్చింది. పెద్దపల్లి వెళ్లిన షీల్డుకు బంగారు కాగితం లేదు, పేరు కూడా లేదు. మా మేకు దీనికోసమే ఎదురుచూసిందేమో అనిపించింది. నా తప్పు మాఫీ అయిపోయినట్టేనని, మనసు తేలికపడి, దాన్ని మేకుకు తగిలిస్తూ దగ్గరగా చూశాను.

అడుగున చిన్న అక్షరాలతో ఇంకొక లైనుంది: "తిరుపతి తప్ప."

అది ఇప్పటికీ అక్కడే ఉంది. వచ్చిన చుట్టాలంతా పైలైను చదివి బాపుకు దండం పెడతారు, కిందిలైను చదివి నన్ను చూపించమంటారు. అందుకే ఆ మేకు సాక్షిగా, ఉల్లిగడ్డల సంచి సాక్షిగా ఇదే నా ప్రమాణం: ఈ జన్మలో ఆఫ్‌సైడ్ కోసం చెయ్యెత్తను. ఆటో కోసం ఎత్తను, సభలో ప్రశ్న అడగడానికి ఎత్తను. మొన్న మంచిర్యాల బస్టాండులో మరచిపోయి ఒక్కసారి ఎత్తాను. బస్సు ఆగింది. ఎక్కుదామని వెనక్కి చూస్తే, నాతో వచ్చిన మొగిలన్న టికెట్ కౌంటర్ గోడ చాటున చెవులు మూసుకుని కూర్చుని ఉన్నాడు. ఈసారి మాత్రం నేను చెయ్యి దించి, "అయిపోయింది అన్నా, లే" అన్నాను.